వీపుకు అందని చెయ్యి

రిటైరైన బస్సు డ్రైవరుగారికి పక్షవాతం వచ్చాక కుడిచెయ్యి మాట వినడం మానేసింది. వారానికి మూడుసార్లు ప్రభుత్వం పంపే సహాయకురాలు ఇంటికొచ్చి స్నానం చేయిస్తుంది. ఆవేళ ఆమె వచ్చేసరికి ఆయన తల దువ్వుకుని, ఉతికిన చొక్కా తొడుక్కుని, బుద్ధిగా కుర్చీలో కూర్చున్నాడు.

"మళ్ళీ మీరే నీళ్ళు పోసేసుకున్నారా బాబాయిగారూ?"

"ఇంటికొచ్చే మనిషికి మురికిమొహంతో ఎలా కనిపిస్తాను తల్లీ?"

"నేనొచ్చేదే మీ మురికి వదిలించడానికి. ఇలా చూశాడంటే మా ఆఫీసరు, ఈయనకి సాయమెందుకని రాసేసి చక్కాపోతాడు. సరే, వీపు రుద్దుకున్నారా?"

ఆయన కిటికీ వంక చూశాడు.

"అదీ సంగతి. చొక్కా విప్పండి."

స్నానాలగదిలో వీపు మీద గోరువెచ్చని నీళ్ళు పడేసరికి ఆయనకు ప్రాణం లేచొచ్చింది.

"ముప్పయ్యేళ్ళు బస్సు నడిపాను. జీతంలో పన్ను పట్టుకున్న ప్రతినెలా తిట్టాను. నా కష్టం ఎవడి పాలవుతోందో అని."

"ఇంతకీ ఎవరి పాలైంది?"

"ఇదిగో, తిరిగి తిరిగి నా వీపుకే వచ్చింది."

"నాకూ పట్టుకుంటున్నారు. మొన్ననే తిట్టాను."

"తిట్టు, తప్పులేదు. రేపు నీ వీపు రుద్దబోయే పిల్ల ఇప్పుడు ఏ బళ్ళో అక్షరాలు దిద్దుకుంటోందో. ఆ పిల్లని తలుచుకుని కాస్త మెల్లిగా తిట్టు."

ఆమె నవ్వుతూ తువ్వాలు కప్పింది.

"ఎల్లుండి నేనొచ్చేదాకా నీళ్ళ జోలికి వెళ్ళకండి."

"వెళ్ళను. తల మాత్రం దువ్వుకుంటాను. ముప్పయ్యేళ్ళు తిడుతూ పన్ను కట్టి పిలుచుకున్న చుట్టానివి మరి."