సంగటిలో మాత్ర

జ్వరంతో నీరసించిన మొగుడి ముందు ఆమె పళ్లెం పెట్టింది. కొత్త రాగుల సంగటి, ఉలవచారు. డాక్టరిచ్చిన మాత్ర పొద్దున గొంతులో అడ్డం పడి బయటికొచ్చేసింది.

"నోరు తెరు. మొదటి ముద్ద నేను పెడతా."

సంగటి ముద్ద చారులో అద్ది పెట్టింది. అలవాటుగా నమలకుండా మింగాడు.

"పోయిందా?"

"ఏంది?"

"మాత్ర. ముద్ద లోపల పెట్టినా."

అతడు గొంతు తడుముకున్నాడు. ఏమీ అడ్డం లేదు.

"ఈ ఉపాయం ఎవురు చెప్పిరి?"

"ఎవురూ చెప్పలా. నువ్వు సంగటి మింగేది చూసి తట్టింది."

"పోయిన కరువులో తట్టింటే మాయమ్మ బతికుండేది."

"మీయమ్మకు మాత్ర నూరి పోస్తే చేదుకు కక్కుకునె. అంబలిలో వేసిస్తే, అంబలి లోపలికి పోయి మాత్ర నాలిక మీదనే నిలిచె."

"సంగటిలో పెట్టకపోతివే."

ఆమె అతడి పళ్లెంలో ఇంకొంచెం చారు పోసింది.

"సంగటి లేదంటావా? నేను దినామూ తినే కదా కరువు పనికి పోతాంటి."

"ఉండె. దినానికి ఒక్క ముద్దకే పిండి ఉండె. రాళ్లు మోసేవానికి అంబలి చాలదు, నా కొడుక్కే చెయ్యమనె మీయమ్మ. తను అంబలి తాగె. నీకు చెప్పొద్దనె."

"నువ్వన్నా చెప్పకపోతివి."

"చెప్తే తినింటావా?"

అతడు ఇంకో ముద్ద తుంచి చారులో అద్ది నోట్లో పెట్టుకున్నాడు. అందులో మాత్ర లేదు. అయినా అది గొంతు దిగలేదు.