జీపు అద్దానికి ఉన్న కట్టు

మేజిస్ట్రేటు గారూ, నన్ను పెద్దక్క అంటారు. అసలు పేరు మీ గుమాస్తా పైన రాసుకున్నాడు. వయసు యాభై దాటింది. అడవిలో తేనె, జిగురు, కుంకుళ్లు తెచ్చి అమ్ముతాను. లాకప్పులో ఉన్నవాడు నా తమ్ముడు. అభయారణ్యంలో పెద్ద మానులు కోయించాడని వాడి మీద కేసు. వాణ్ణి రేంజరు దగ్గరికి తీసుకెళ్లింది నేనే. నేను తీసుకెళ్లకపోతే వాడు ఇవాళ ఇంట్లో ఉండేవాడు.

ఎందుకు తీసుకెళ్లావని అడిగారు. చెప్తాను. మధ్యలో ఆపకండి.

మా వాళ్లలో ఎవరికైనా చెట్టు మీద తేనెపట్టు కనబడితే మానుకి నారతో ఒక కట్టు కడతారు. ఒక్కో ఇంటి ముడి ఒక్కో రకం. కట్టు ఉన్న చెట్టును ఇంకొకరు ముట్టరు. ఎందుకు కట్టావని అడగరు. పరాయి కట్టు విప్పడం దొంగతనం. విప్పినవాణ్ణి వాడి ఇంటివాళ్లే తీసుకెళ్లి, కట్టినవాళ్ల ముందు నిలబెట్టాలి.

ఈ ఎండాకాలం మొదట్లో వాగు అవతల మానులకు పసుపు రిబ్బన్లు కనబడ్డాయి. రెండు చుట్లు, కొస లోపలికి దోపిన ముడి. రేంజరు గారి జీపుకి విరిగిన పక్క అద్దం ఒకటుంది. దాన్ని కట్టింది కూడా అదే రిబ్బనుతో, అదే ముడి. అందుకని అవి ఆయన కట్లే అనుకున్నాం. తర్వాత రంపాల చప్పుడు వినబడింది. కట్టినవాళ్లు కోసుకుంటున్నారు, మనకెందుకు అని మా వాళ్లతో నేనే అన్నాను.

ఆ మానుల తొర్రల్లో పెద్ద ముక్కు పిట్టలు గుడ్లు పెడతాయి. ఆడది లోపల కూర్చుని, చిన్న చీలిక వదిలి తొర్ర మూసేసుకుంటుంది. మగది పండ్లు తెచ్చి అందిస్తుంది. ఒకరోజు పొద్దున తమ్ముడు వాగు దాటాడు. పడిపోయిన మాను తొర్రలో ఆడపిట్ట చచ్చి ఉంది. మగది పండు ముక్కున పట్టుకుని మొద్దు మీద వాలింది, లేచింది, మళ్లీ వాలింది. అది చూసి తమ్ముడు మిగిలిన మానుల కట్లు విప్పి సంచిలో వేసుకొచ్చాడు.

"పరాయి కట్టు విప్పావట్రా?" అన్నాను.

"విప్పాను. ఏం చేసుకుంటావో చేసుకో అక్కా."

"మనింట్లో ఇంతవరకు ఎవడూ విప్పలేదు."

"పిట్ట కూర్చున్న మానుకి ఇంతవరకు ఎవడూ కట్టలేదు."

చెంప మీద కొట్టాను. వాడి పెళ్లాం అడ్డం వచ్చింది. "నువ్వు ఆడపడుచువా, పోలీసువా వదినా?" అంది. నేను వినలేదు.

రేంజరు ఆఫీసులో సంచి బల్ల మీద పెట్టాను. "అయ్యా, మీ కట్లు వీడు విప్పాడు. తప్పు ఎంతో వేయండి, ఆ డబ్బు కట్టుకుంటాం" అన్నాను. ఆయన సంచిలోకి చూసి, దాన్ని బల్ల కిందకి కాలితో తోశాడు. "దొంగ నడిచొచ్చాడు, మనకి తిరుగుడు తప్పింది" అని నవ్వాడు. అవి తనవని నాకెలా తెలుసో అడగలేదు. నేను చెప్పలేదు. సాయంత్రానికి తమ్ముడికి బేడీలు పడ్డాయి. సాక్ష్యమని రేంజరు మీకిచ్చిన సామానులో గొడ్డలి ఉంది, సంచి లేదు.

అద్దం సంగతి కేసుకి అనవసరం అంటున్నాడు గుమాస్తా. అనవసరమైతే రాయడానికి నీకేం నొప్పి బాబూ? రాయి. వాగు ఒడ్డున ఒక మాను మీద కట్టు తమ్ముడికి అందలేదు. అది ఇంకా ఉంది. లోపల పిట్టా ఉంది. ఆ ముడి, ఈ అద్దం ముడి పక్కపక్కన పెట్టి చూడండి. నేను మాత్రం ముట్టను. పరాయి కట్టు.

కిటికీ తీసే ఉంది. రేంజరు గారు వరండాలోనే ఉన్నారు, విన్నట్టున్నారు. జీపు స్టార్టయింది. కలం ఆపకు, అదీ రాయి. గేటు వేయమని మీరు బంట్రోతును పంపారు. అతను తిరిగి వచ్చేదాకా వేలిముద్ర వేయనన్నాను. వచ్చాడు. జీపు లోపలుండగానే గేటు పడిందన్నాడు. రిబ్బను అద్దానికే ఉందన్నాడు.

ఇదంతా చదివి వినిపించారు. నేను చెప్పినట్టే ఉంది. ఎవరూ బెదిరించలేదని కింద అచ్చు వేసి ఉందట, అది కొట్టేయండి. బెదిరించారు. అయినా నిజమే చెప్పాను.

(ఎడమ చేతి బొటనవేలి ముద్ర)