ఎవారిస్తో పల్లవి

మతాన్సాస్ రేవు కూలీల సంఘం హాలు, ఆదివారం సాయంత్రం నాలుగున్నర. దన్సోన్ నాట్యంలో పల్లవి తిరిగొచ్చినప్పుడల్లా జంటలు ఆగి విసనకర్రలు విసురుకోవడం, చరణం ఎత్తుకోగానే మళ్ళీ ఆడటం మా ఊళ్ళో తాతలనాటి మర్యాద. పాట కట్టిన ఎవారిస్తో హాలుకు వీపు పెట్టి ఫిడేలు మీద, నికానోర్ డోళ్ళ మీద ఆ పల్లవినే వాయిస్తున్నారు. ఎన్నోసారో వాళ్ళిద్దరికే తెలియదు, తక్కినవాళ్ళకు తెలిసే వీలే లేదు.

“ఆపకు నికానోర్ బావా, ఆపకు! చెయ్యి జారిందో చంపేస్తాను.”

“ఆపలేదయ్యా! చెమట తుడుచుకున్నాను. ఒక చేత్తో వాయిస్తూనే తుడుచుకున్నాను.”

“వేణువు రామోన్ కూడా ఇలాగే తుడుచుకుంటానన్నాడు. చూడు, మొహాన గుడ్డ పెట్టుకుని ఎలా బిగుసుకుపోయాడో. వాయించడం మానినవాడు హాల్లో బిగుసుకుపోయినవాళ్ళలో కలిసిపోతాడు.”

“తెలుసులే. ఒక్కొక్కడే పోయి, చివరికి మనిద్దరం మిగిలాం.”

“తూటా ఎక్కడుంది?”

“గాల్లోనే ఉంది.”

“గాల్లో అని నాకూ తెలుసు! మా అమ్మాయి ఎమెలీనాకి ఎంత దూరంలో?”

“మూరెడు.”

“ఇందాక మూడు మూరలన్నావు!”

“ఇందాకంటే ఎప్పటి ఇందాక? నా గడ్డం చూడు. పొద్దున్నే గీయించుకున్నాను దీన్ని.”

“ఈ పల్లవి మోగినంతసేపూ, వాయించేవాళ్ళకి తప్ప, గడియారం ఆగుతుందని పదేళ్ళ కిందటే కనిపెట్టాను బావా. ఎవరికీ చెప్పలేదు. రెండు క్షణాలేగా, ఆడేవాళ్ళకి కాస్త అలుపు తీరుతుందనుకున్నాను.”

“మంచి పనే చేశావు. ఆ రెండు క్షణాలే లేకపోతే పిల్ల ఈపాటికి నేల మీద ఉండేది.”

“మరి ఆగిన తూటా ఎలా జరుగుతోంది?”

“పల్లవి చివర కమాను ఎత్తుతావు చూడు, ఆ సందులో. తడవకో వేలెడు.”

“ఎత్తకుండా మళ్ళీ మొదటికెలా రాను?”

“నిన్నెవరన్నారు? కాకపోతే ఇంకో పది తడవలైతే మనిషి దూరే సందు కూడా ఉండదు.”

“మనిషా? ఎవరు దూరతారు?”

“ఊరికే అన్నాను.”

“పిల్లని పక్కకి లాగలేమా?”

“రామోన్ మొహం మీది గుడ్డే లాగి చూశాను. గోడకి మేకు కొట్టినట్టుంది. గుడ్డే రాకపోతే పిల్లొస్తుందా?”

“ఎవడు కాల్చాడు?”

“పొగ.”

“పొగ వెనకాల ఎవడు?”

“టోపీ కనిపిస్తోంది. టోపీలన్నీ ఒకలాగే ఉంటాయి.”

“నీ కుర్చీకి ఎదురుగానే కదా తలుపు!”

“మాట్లాడించకు, తాళం తప్పుతుంది.”

“నీకు తాళం తప్పడమా! నిద్రలో కూడా తప్పవు. మా పిల్ల చుట్టూ తిరిగే ఆ పొగాకు కొట్టువాడా? కిందటి నెల ఎమెలీనా ఎవణ్ణో పెళ్ళాడనందట. పేరు వాళ్ళమ్మకి కూడా చెప్పలేదు.”

“నీకు చెప్పలేదా?”

“లేదు.”

“పేరు... పేరే చెప్పలేదా?”

“లేదన్నాగా! జ్ఞానస్నానం నాడు దాన్ని ఎత్తుకున్న జ్ఞానతండ్రివి, నాకంటే నీతోనే ఎక్కువ చెబుతుంది. నీకేమైనా చెప్పిందా?”

“బంగారుతల్లి. పరువు కాపాడింది.”

“ఎవరి పరువు?”

“అందరిదీ.”

“ఉండు, ఒక్కసారి తిరిగి చూస్తాను.”

“వద్దు! ఇందాక వేదిక మెట్టు దిగి, దాని మొహం చూసి ఏడ్చావు. నీ కమాను తడబడింది, తూటా జానెడు దూకింది. గోడ చూస్తూ వాయించు.”

“ఎలా ఉందో అయినా చెప్పు.”

“నవ్వుతోంది. విసనకర్ర సగం విప్పింది. తలుపు వైపు వీపు పెట్టింది కదా, దానికేమీ తెలియదు.”

“ఏం చేద్దాం బావా? చచ్చేదాకా ఇలా వాయిద్దామా?”

“చచ్చేదాకా వాయించినా వేలెడు వేలెడు వస్తూనే ఉంటుంది. చూడు, ఈ పుల్లలు డోలు మీదే కొట్టాలని ఎవడూ రాయలేదు. ఒకదానికొకటి కొట్టినా తాళం తాళమే.”

“అంటే?”

“అంటే లేస్తున్నాను.”

“కూర్చో! నికానోర్, కూర్చోమన్నానా!”

“విన్నావా? టక్కు, టక్కు. కాళ్ళు నడుస్తున్నాయి, తాళం ఆగలేదు. నీ ఫిడేలు మాత్రం వదలకు.”

“ఈ ఉపాయం ఎప్పట్నించి తెలుసు నీకు?”

“మూడు మూరలప్పటి నుంచి.”

“మరి చెప్పలేదేం?”

“భయం వేసింది. యాభై రెండేళ్ళొచ్చినా చావంటే నాకు భయమేనయ్యా.”

“ఎక్కడున్నావు? మాట్లాడుతూ ఉండు.”

“మన పిల్ల దగ్గరికొచ్చాను. దానికీ తూటాకీ మధ్యన దూరాను. ఇరుకే. పొట్ట పెంచానని వెక్కిరించేవాడివి, నిజమే సుమా.”

“వద్దు బావా, నీ కాళ్ళు పట్టుకుంటాను. వచ్చెయ్. ఇంకో దారి దొరుకుతుంది. ఎవడో వెధవ చేసిన పాపానికి నువ్వు పోవడమేమిటి? వాణ్ణి జన్మంతా జైల్లో కుళ్ళబెట్టిస్తాను!”

“ఆ మాటనకు. నా ఒక్క కోరిక తీర్చు. వాణ్ణి జనం కొట్టకుండా చూడు. వాళ్ళమ్మ దగ్గరికి నువ్వే తీసుకెళ్ళు.”

“వాళ్ళమ్మ దగ్గరికా? వాడు నీకు కనిపిస్తున్నాడా?”

“కనిపిస్తున్నాడు. ఏడుస్తున్నాడు. కన్నీటిచుక్క గడ్డం దాకా వచ్చి ఆగింది.”

“ఎవడు బావా వాడు?”

“మా అబ్బాయి ఫెర్మీన్. నన్ను చంపితే క్షమించడం నా చేతుల్లో పని, ఇప్పుడే క్షమించేశాను. నీ బిడ్డని చంపితే క్షమించడానికి నేనెవణ్ణి? చరణం ఎత్తుకో బావా, పిల్లల్ని ఆడుకోనీ.”