రాదోవాన్ చూపించని చోటు

ఆ ఫొటోలో టోపీ పెట్టుకున్నాయనా? ఇంకెవరు, మా అన్నయ్య రాదోవాన్. సినిమా యాక్టరు. నీకు తెలీదులే, మీ అమ్మమ్మనడుగు, చెబుతుంది. అడవి గార్డు వేషమంటే దేశం మొత్తానికీ అన్నయ్యే. ఆ నడక, ఆ మీసం, వంగి ఒక్క ఆకు పక్కకి తియ్యడం... జనం వీడు అడవిలోనే పుట్టాడనుకునేవాళ్ళు. పుట్టింది ప్రాగ్‌లో, ట్రాము డిపో వెనకాల. ఆ మీసం కూడా అతికించిందే. వదిన దాన్ని సబ్బుపెట్టెలో దాచేది. ఓసారి నేను చూసి ఎలకనుకుని... ఏం చెబుతున్నాను? ఆఁ.

అరవై ఎనిమిదిలో రష్యా ట్యాంకులు మా దేశంలోకొచ్చాక స్టూడియో మీటింగులో లేచి వాళ్ళకి వ్యతిరేకంగా నాలుగు మాటలన్నాడు. అంతే, వేషాలు ఆగిపోయాయి. తప్పైందని క్షమాపణ కాగితం రాసిస్తేనే మళ్ళీ పని అన్నారు, రాయలేదు. తిండి సయించేది కాదు, అద్దం ముందు కూచుని పాత డైలాగులు చెప్పుకునేవాడు. చూడలేక చచ్చేవాళ్ళం. ఆదివారాలు మాత్రం బుట్ట తగిలించుకుని దోబ్రీష్ అడవికి పోయి నిండా పుట్టగొడుగులు తెచ్చేవాడు. ఎక్కడివంటే చెప్పడు. అది తప్పు కాదులే, పుట్టగొడుగులు దొరికే చోటు మనలో ఎవరు చెబుతారు? మా నాన్న సొంత తమ్ముడిక్కూడా చెప్పకుండానే పోయాడు. బాబాయి సమాధి దగ్గర కూడా తిట్టాడు.

ఇక కలివోడా. స్టూడియోలో పెద్దాఫీసరు, పార్టీ మనిషి, పైగా పుట్టగొడుగుల పిచ్చోడు. ఓ రోజు ఇంటికొచ్చాడు. వదిన పెట్టిన పుట్టగొడుగుల సూపు తాగి, గిన్నె రొట్టెతో తుడుచుకు తిని, మెల్లిగా మొదలెట్టాడు. "రాదోవాన్ గారూ, సీరియల్లో డాక్టరు వేషముంది. క్షమాపణ కాగితం సంగతి నేను చూసుకుంటాను. ఒక్క ఆదివారం నన్ను మీ చోటుకి తీసుకెళ్ళండి, చాలు." ఒప్పుకోమని వదిన బల్లకింద అన్నయ్యకి కాలితో ఒక్కటిచ్చింది. మావాడు గడ్డం పైకెత్తాడు, అచ్చం సినిమాలో గార్డులాగే. "నా చోటు ఎవరికీ చూపించను," అన్నాడు. కలివోడా ముందు నవ్వాడు. మళ్ళీ అడిగాడు. ఆ తర్వాత అడగలేదు, టోపీ తీసుకుని వెళ్ళిపోయాడు.

డాక్టరు వేషం ఇంకెవడికో పోయింది. చచ్చేదాకా మావాడికి మిగిలింది కార్టూన్లలో మేక గొంతు. అంత గొంతు పెట్టుకుని మేక, చెప్పు! బీరు కొట్లో అందరూ మెచ్చుకునేవాళ్ళు, పార్టీవాడికి తల వంచలేదని. మావాడు గ్లాసులోకి చూస్తూ కూచునేవాడు. అదంతా వినయమనుకున్నాను నేను.

చివర్లో ఆసుపత్రిలో అడిగాను. పిల్లల్లేరు, ఇక నాకైనా చెప్పు, ఆ చోటెక్కడ అని. "ఏ చోటూ లేదే. అడవిలో నాకెప్పుడూ ఒక్కటీ దొరకలేదు. సంతలో ఓ ముసలమ్మ దగ్గర కొని, పైన కాస్త నాచు పరిచి తెచ్చేవాణ్ణి."

ఒళ్ళు మండిపోయింది. చచ్చిపోయే మనిషని కూడా చూళ్ళేదు. "ఆ ముక్క కలివోడాతోనే అని ఉంటే నవ్వి ఊరుకునేవాడు కదా, నీ వేషం నీకు దక్కేది కదా అన్నయ్యా," అన్నాను.

"అడవి గార్డుని చూసి నవ్వేవాడే కదా," అన్నాడు.

...కిటికీ వెయ్యమ్మా. చలి లోపలికొస్తోంది.