నీలం శాలువా

ఆదివారం మధ్యాహ్నం భోజనాలయ్యాయి. భర్త గిన్నెలు కడుగుతుంటే, కొత్త పెళ్లికూతురు ఫోన్‌లో ఆట ఆపి అతని వైపు తిరిగింది.

"ఏవండీ, మీరు ఈ ఆటలో నా ఖాతాలోకి పంపిన నీలం శాలువా ఎవరిది?"

"ఎవరిదైతే ఏముంది? దానివల్ల బలమేమీ రాదు, ఉత్త అందానికే. నీ బొమ్మకి బాగుంటుందని పంపాను."

"అలాంటిది ఇంకెవరి దగ్గరా లేదట. కప్పుకుని ఆటలో సంతకి వెళ్లానో లేదో, పదిమంది చుట్టూ మూగారు. 'అక్కా, వచ్చేశావా? పేరు మార్చుకున్నావా?' అంటూ ఒకటే గోల."

అతను కుళాయి కట్టేశాడు.

"ఆవిడదేనా?" అని అడిగింది ఆమె.

ఆ ఇంట్లో ఆవిడ అంటే ఒక్కరే, రెండేళ్ల క్రితం జబ్బుచేసి పోయిన అతని మొదటి భార్య.

"ఆమెదే. ఆసుపత్రిలో కూడా అదే ఆడేది. ఆ శాలువా అలా దిక్కులేకుండా పడి ఉంటే చూడలేకపోయాను."

"నాకో మాట చెప్పొచ్చు కదా."

"చెబితే కప్పుకునేదానివా?"

ఆమెకు భుజాలమీద నిజంగానే ఏదో బరువు ఉన్నట్టనిపించింది.

"తిరిగి పంపేస్తాను."

"కుదరదు. శాలువా నీకు మార్చాక ఆమె ఖాతా మూసేశాను."

"ఆవిడ పోయిందని వాళ్లెవరికీ తెలీదండీ."

"నేనే చెప్పలేదు. నోరు రాలేదు."

"ఒకమ్మాయి అడిగింది, 'అక్కా, నొప్పి తగ్గిందా?' అని."

అతను తడిచేతులతోనే వచ్చి ఎదురుగా కూర్చున్నాడు.

"ఏం చెప్పావు?"

"పూర్తిగా తగ్గిపోయిందని చెప్పాను."