కోటు తొడిగి వెళ్లిపోయిన అన్నయ్య

పెద్దలారా, సినిమా కుటుంబంలోని మిత్రులారా, ముందు వరుసలో కూర్చున్న మా వదినా,

హాలు నిండిపోయింది. బయట మెట్ల మీద కూడా నిలబడ్డారు. అన్నయ్య ఆఖరి సినిమాకి ఇంతమంది రాలేదు. నవ్వండి, ఫరవాలేదు. ఆయనుంటే ఈ మాట ఆయనే అనేవాడు.

నన్ను మాట్లాడమన్నారు. ఏం మాట్లాడను? ఇన్నేళ్లయినా ఆ మనిషి నాకు అర్థం కాలేదు.

మనమంతా అన్నయ్య అని పిలుచుకున్న ఆయన మొదటి సినిమాతోనే పెద్ద హీరో. కుర్రాళ్లంతా ఆయనలాగే తల దువ్వుకునేవారు. తర్వాత వరుసగా రెండు సినిమాలు పోయాయి. మరో సినిమా సగం తీశాక నిర్మాతకి భయం పట్టుకుంది. నాటకాల్లో వేషాలు వేసుకుంటున్న నన్ను పిలిపించి, "రేపట్నుంచి హీరోవి నువ్వే" అన్నాడు. ఆ సంగతి అన్నయ్యకి చెప్పే ధైర్యం మాత్రం ఎవరికీ లేకపోయింది.

మర్నాడు ఆయన మామూలుగానే వచ్చాడు. మేకప్ గదిలో, ఆయన కుర్చీలో, నేను! గబుక్కున లేచి నిలబడ్డాను. తిడతాడా? కొడతాడా? ఆయన నన్ను చూశాడు. తల తిప్పేసుకున్న మేకప్‌మ్యాన్‌ని చూశాడు. కొక్కేనికున్న హీరో కోటు తీసి నాకు తొడిగాడు. కోటు నా భుజాలకి వదులైంది. వెనక తనే గుండుసూదులు పెట్టి, "కెమెరాకి వీపు చూపించకురా" అన్నాడు. అంతే, వెళ్లిపోయాడు.

అది మంచితనమా? పౌరుషమా? బరువు దిగిందన్న నిశ్చింతా? మీలో ఎవరికైనా తెలుసా? ఆ సినిమా ఆడింది. నాకు బతుకు దొరికింది. ఆయనకి మళ్లీ హీరో వేషం రాలేదు.

కొన్నేళ్లకి నా సినిమాలోనే డాక్టరు వేషానికి వచ్చాడు. ఒకే ఒక్క మాట, "ధైర్యంగా ఉండండి." ఆయన నా కళ్లలోకి చూసి ఆ మాట అంటుంటే నా డైలాగు తప్పిపోయేది. టేకు మీద టేకు నేనే పాడుచేశాను. అసిస్టెంట్ డైరెక్టరు మాత్రం ఆయన్ని కసిరాడు, "ఏంటయ్యా, సరిగ్గా చెప్పు!" నేను నోరు తెరవబోతే అన్నయ్య నా చెయ్యి గట్టిగా నొక్కి, "నాదే పొరపాటండీ, మళ్లీ చేద్దాం" అన్నాడు. ఆ రోజు నాకు ఒళ్లు మండిపోయింది. ఎవరి మీదో తెలియలేదు.

పోయిన నెల వాళ్లింటికి వెళ్లాను. వరండాలో బఠానీలు వలుస్తున్నాడు. తెగించి అడిగేశాను, "అన్నయ్యా, ఆ కోటు నాకెందుకు తొడిగావు?" ఆయన చెయ్యి ఆగలేదు. "ఏ కోటురా?" అన్నాడు.

మరిచిపోయాడా? నటించాడా? నటనే అయితే, మిత్రులారా, అంతటి నటన నేనెక్కడా చూడలేదు.

సాగనంపుతూ వదిన చెప్పారు, "ఆ కోటు సినిమాకి ఆయన ఒక్కరే ఎన్నిసార్లు వెళ్లారో!" లోపల్నుంచి అమ్మాయి, "అదేంటమ్మా, నాన్న అసలు చూడనే లేదు" అంది. ఇద్దరూ ఇక్కడే ఉన్నారు. ఇద్దరూ అబద్ధమాడే మనుషులు కారు.

మరి ఆయన్ని ఓడిపోయాడనాలా? హాయిగా బతికాడనాలా? తెలియదు. తెలియకుండానే ఏడుపొస్తోంది. ఇంకొక్కసారి వెళ్లి అడుగుదామంటే, మనిషి లేడు.

ఇక చాలిస్తాను. దయచేసి అందరూ లేవండి. కాసేపు అలా మౌనంగా నిలబడదాం.

వదినా, మీరు లేవకండి. మీరు కూర్చోండి.