లింగప్ప ట్రాక్టరులో నేను పోసిన ఆయిల్

నా పేరు ఆంజప్ప. తండ్రి పేరు పాపన్న. వయసు నలభై ఏడు. అత్తిముగంలో ట్రాక్టర్లు బాగుచేసే షాపు నాది. ఇరవై రెండేళ్లుగా అదే పని. 2005 నవంబరు 9న ఉదయం 11.10 గంటలకు హోసూరు కోర్టులో మేజిస్ట్రేటు గారి ఎదుట ఇది చెబుతున్నాను. నన్ను ఎవరూ పిలిపించలేదు, ఎవరూ బెదిరించలేదు. నేను చెప్పేది నా మీదికే రావచ్చని అయ్యగారు రెండుసార్లు హెచ్చరించారు. వస్తే రానీ అనే చెబుతున్నాను.

అక్టోబరు 24న ఉదయం 6.40కి మా ఊరి పాల సొసైటీ దగ్గర దిగుడులో లింగప్ప ట్రాక్టరు ఆగకుండా పోయి సొసైటీ గోడను గుద్దింది. పాలు పోయడానికి నిలబడ్డ బసవమ్మకు కుడికాలు విరిగింది. ట్రాక్టరు నడిపింది వేలు అనే కూలి డ్రైవరు. అజాగ్రత్తగా నడిపాడని అతని మీద కేసు పెట్టారు. తప్పు వేలుది కాదు. ఆ ట్రాక్టరులో పోయకూడని ఆయిల్ పోసింది నేను.

అది 1993 మోడల్, లింగప్ప సెకండ్‌హ్యాండులో కొన్నాడు. దాంట్లో గేర్లు, బ్రేకు ప్లేట్లు ఒకే ఆయిల్‌లో మునిగి ఉంటాయి. కాబట్టి రెండింటికీ పనికివచ్చే పల్చటి ట్రాన్స్‌మిషన్ ఆయిలే పోయాలి. అంతకుముందు లింగప్పకు ఉన్న ట్రాక్టరు ఇంకా పాతది. దాని బ్రేకులు బయట ఉండేవి, ఆయిల్ తగిలేది కాదు. దానికి చిక్కటి గేర్ ఆయిల్ సరిపోయేది. ఈ తేడా లింగప్పకు తెలియదు. నాకు తెలుసు.

అక్టోబరు 11 ఆయుధపూజ. పూజ వేళకు బండిలో కొత్త ఆయిల్ పోయడం మా వైపు అలవాటు. నా షాపులో లింగప్ప బండి పాత ఆయిల్ దించేసి ఉంచాను. ఉదయం 9.30కి లింగప్ప ఇరవై లీటర్ల డబ్బాలు రెండు తెచ్చాడు. చిక్కటి గేర్ ఆయిల్. ఇంట్లో దేవుడి ముందు పెట్టి, పసుపు కుంకుమ బొట్లు పెట్టి, చామంతిపూలు చుట్టి తెచ్చాడు.

“ఇది ఈ బండికి కాదు లింగప్పా. బ్రేకు పట్టదు” అన్నాను.

“పూజ చేసింది ఎట్ల వాపసు ఇచ్చేదప్పా? ముసలి బండికి చిక్కంది పోస్తేనే మంచిది. పోసెయ్, టైము పోతా ఉండాది” అన్నాడు.

అప్పటికే కర్పూరం వెలిగించారు. పదిమంది చేతులు జోడించి నిలబడ్డారు. రెండు రోజుల్లో దించేద్దాంలే అనుకున్నాను. మొదటి డబ్బా నా చేతులతో పోశాను. రెండోదీ నా చేతులతోనే పోశాను. కుంకుమ నా వేళ్లకు అంటుకుంది. గేర్ల కూత తగ్గిందని లింగప్ప మురిసిపోయాడు. నేనూ కొబ్బరిచిప్ప తీసుకుని ఇంటికి పోయాను. రెండు రోజులు గడిచాయి, దించలేదు.

19వ తేదీ సాయంత్రం నాలుగింటికి వేలు షాపుకు వచ్చాడు.

“అన్నా, బ్రేకు తొక్కితే జారతా ఉండాది. టమాటా లోడుతో దిగేదానికి భయమైతాది” అన్నాడు.

లింగప్పకు ఫోను చేశాను. “దీపావళి దాకా ఉండనీప్పా. పూజ ఆయిలు వారానికే దించేస్తే ఇంట్లో ఆడోళ్లు ఊరుకుంటారా?” అన్నాడు. నేను బ్రేకు పెడల్ రాడ్డు రెండు చుట్లు బిగించి వేలును పంపేశాను. ఆయిల్ తప్పయినప్పుడు రాడ్డు బిగిస్తే ఏమీ లాభం లేదు. అది నాకు తెలుసు. తెలిసే బిగించాను. దానికి సిగ్గుపడుతున్నాను.

24న గుద్దిన శబ్దం విని పరుగెత్తాను. వేలువి రెండు కాళ్లూ బ్రేకు మీదే ఉన్నాయి. ఎడమకాలి చెప్పు తెగి పెడల్ కింద ఇరుక్కుంది. బండి గోడకు ఆనుకుని నిలిచిపోయాక కూడా తొక్కుతూనే ఉన్నాడు. తాగి నడిపాడని ఊళ్లో అంటున్నారు. తాగలేదు. పట్టుకుని కిందికి దించింది నేను.

“నోరు మూసుకోనుండప్పా. వాడు కూలోడు, ఇంకో బండి దొరుకుతాది వానికి” అని లింగప్ప అన్నాడు. లైసెన్సు పోతే వేలుకు ఏ బండీ దొరకదు.

ట్రాక్టరు ఇప్పుడు పోలీస్ స్టేషన్ ఆవరణలో ఉంది. గుద్దిన తర్వాత దాని మీద నేను చెయ్యి వేయలేదు. సాక్షుల ముందు కింది బోల్టు విప్పించి, ఆయిల్ సీసాలో పట్టించి, ఆయిల్ సంగతి తెలిసినవాళ్లకు చూపించమని కోరుతున్నాను. నన్ను మాత్రం విప్పనివ్వకండి.

ఒకరోజు ఆలోచించుకుని రమ్మని అయ్యగారు అన్నారు. “ఆలోచించేదానికి 19 నుంచి 24 దాకా టైము ఉండింది సార్. ఇంక వద్దు” అని చెప్పాను.

ఈ ఉదయం కోర్టు వరండాలో వేలు నా పక్కన కూర్చున్నాడు. నేను ఎందుకు వచ్చానో అతనికి తెలియదు. “అన్నా, నేనే ఇంకా గట్టిగా తొక్కుండాల్సిందేమో” అన్నాడు. ఆ మాట కూడా రాయమని అడిగి రాయించాను.

పైన రాసిందంతా నాకు తెలుగులో చదివి వినిపించారు. నేను చెప్పినట్టే ఉంది, అంతా నిజం. ‘నేను పోశాను’ అన్నచోట ‘లింగప్ప పోయించాడు’ అని దిద్దమంటావా అని అడిగారు. దిద్దవద్దని చెప్పి సంతకం చేశాను.

(సంతకం)
ఆంజప్ప